పద్యం ముగిసేలోగా వేషం మారాలి: వెల్క్రోనా, టిచ్ బటన్లా, హుక్కులా, జిప్పా?

తెరలు చకచకా మారిపోయే సురభి తరహా పౌరాణిక నాటకంలో ఒకే నటుడు రెండు వేషాలు కడితే, కోటు మార్చుకోవడానికి అవతలివాళ్ల పద్యం ఒక్కటే వ్యవధి. పక్క తెర వెనక చీకటి, ఒళ్లంతా చెమట. అక్కడ గెలిచేదీ ఓడేదీ కోటు బిగింపే.

అందరి చెయ్యీ ముందు వెల్క్రో మీదికే పోతుంది. చీకట్లోనూ అతుక్కుంటుంది, కుట్టడం తేలిక. కానీ మెడ నుంచి నడుము దాకా ఒకే పట్టీగా కుడితే, కంగారులో ఒక వేలెడు వంకరగా పడినా ఛాతీ మీద బట్ట ఉబ్బుతుంది. మూడేసి సెంటీమీటర్ల ముక్కలు కోసి 8 సెం.మీ.కు ఒకటి చొప్పున వేయండి. విప్పేటప్పుడు బర్రుమనే చప్పుడూ తగ్గుతుంది. పై అంచు లోపల మెత్తటి వైపు, కింది అంచు మీద గరుకు వైపు ఉంటే ఒళ్లు గీరుకోదు. అతికించకుండా ఉతికితే గరుకు వైపు నలకలు నిండి పట్టు పోతుంది. ఇస్త్రీ వేడికి నైలాన్ కరుగుతుంది. వెనక జిగురున్న రకం అసలు కొనకండి, మిషన్ సూదికి జిగురు చుట్టుకుని కుట్లు తప్పుతాయి. షిఫాన్, జరీ దగ్గర వెల్క్రో వద్దే వద్దు, పోగులు లేచిపోతాయి.

టిచ్ బటన్లకు (నొక్కితే బిగిసే గుండీలకు) చప్పుడు తక్కువ, బలమూ తక్కువే. రాగం తీయడానికి నటుడు గుండెల నిండా ఊపిరి పీల్చాడా, ఛాతీ దగ్గరవి పటపటా ఊడతాయి. లాగుడు లేని చోటే వాటి స్థానం: భుజకీర్తులు, అంగవస్త్రం కొస, మెడపట్టీ మూల. వెనక చిన్న కాన్వాస్ ముక్క వేసి, నాలుగు రంధ్రాల్లోనూ నాలుగేసి కుట్లు వేయాలి. లేకపోతే బట్టతో సహా చేతికొస్తాయి.

హుక్కులది సరిగ్గా తిరగేసిన గుణం. లాగేకొద్దీ బిగుస్తాయి, చీకట్లో మాత్రం కాజా దొరకదు. సన్న హుక్కులు పది పెట్టే బదులు నడుముకు వెడల్పాటి ప్యాంటు హుక్కులు రెండు చాలు. దారం కాజా వద్దు, లోహపుదే వేయండి.

జిప్పు అన్నిటికన్నా వేగం. అయితే లైనింగును కొరికి మధ్యలో ఆగిందంటే ఆ సీనుకు ఇక దారి లేదు. పెద్ద ప్లాస్టిక్ పళ్లది తీసుకుని, కింద మూసి ఉన్న రకాన్ని వీపున వేసి, పళ్లకు కొవ్వొత్తి రుద్దండి. పైన ఒక హుక్కు తప్పనిసరి.

మా ఓటు కలగలుపుకే: వీపున జిప్పు, నడుముకు ప్యాంటు హుక్కు, అలంకారాలకు టిచ్ బటన్లు. వెల్క్రో అంచుల్లో రెండు మూడు ముక్కలకు మించొద్దు. సినిమాలో ఈ లెక్క మారుతుంది. డబ్బింగ్ చెప్పే సినిమాకు చప్పుడుతో పని లేదు గానీ, షూటింగ్‌లోనే మాట రికార్డు చేస్తుంటే కెమెరా ముందు విప్పే దుస్తుల్లో వెల్క్రో ఉండకూడదు. క్లోజప్‌లో జిప్పు కనిపిస్తే రాజుగారి కోటు కాస్తా స్కూల్ బ్యాగైపోతుంది, కాబట్టి అక్కడ హుక్కులే.

ఏది కుట్టినా రిహార్సల్లో లైట్లార్పి, నటుడికి చెమట పట్టాక, గొంతెత్తి పద్యం పాడించి చూడండి. పక్క తెర దగ్గర పిన్నీసుల పెట్టె ఎలాగూ ఉంచాలి.