పొలంలోంచి కరెంటు లైను: సంతకం పెట్టడమా, అడ్డం పడటమా?

“రెండు స్తంభాలే పెద్దాయనా, ఎంతసేపు, పాతేసి పోతాం” అంటాడు కాంట్రాక్టరు మనిషి. అప్పటికే నారుమడి పక్కన సున్నంతో గుర్తులు పెట్టేసి ఉంటారు. సరేనందామా, గట్టు మీద అడ్డంగా నిలబడదామా అని రైతు తేల్చుకునే ముందు అడగాల్సింది ఒకటుంది: ఈ లైను ఎవరిది, ఎన్ని కేవీలది (కిలోవోల్టులది)? దాన్నిబట్టే మన “కాదు”కు ఎంత బలముందో తేలుతుంది.

ఊళ్లో ట్రాన్స్‌ఫార్మర్లకు పోయే 11 కేవీ, సబ్‌స్టేషన్లకు పోయే 33 కేవీ లైన్లు డిస్కంలవి, అంటే కరెంటు పంపిణీ సంస్థలవి. వీటికి మామూలుగా వర్తించేవి 2006 నాటి వర్క్స్ ఆఫ్ లైసెన్సీస్ నిబంధనలు. భూమి యజమానో, దాన్ని సాగుచేసుకుంటున్నవారో ముందుగా ఒప్పుకోవాలి. అభ్యంతరం చెబితే డిస్కం కలెక్టర్ దగ్గర గానీ, పోలీస్ కమిషనర్ దగ్గర గానీ రాతపూర్వకంగా అనుమతి తెచ్చుకోవాలి. అనుమతిచ్చే అధికారి నష్టపరిహారం నిర్ణయించవచ్చు, ఏటా అద్దె కట్టమనవచ్చు, రెండూ ఇప్పించవచ్చు. ఏటా అద్దె సంగతి మన ఊళ్లలో అడిగేవాళ్లే కనబడరు.

132, 220, 400 కేవీ టవర్ల దారి వేరు. ట్రాన్స్‌కో, పవర్‌గ్రిడ్ లాంటి సంస్థలకు విద్యుత్ చట్టం 2003లోని 164వ సెక్షన్ కింద ప్రభుత్వం పాత టెలిగ్రాఫ్ చట్టపు అధికారాలు ఇస్తుంది. 1885లో బ్రిటిష్‌వాళ్లు తంతి తీగలు లాక్కోవడానికి రాసుకున్న అధికారాలవి! అవి చేతిలో ఉంటే భూయజమాని ముందస్తు సమ్మతి అక్కర్లేదని సెంచురీ టెక్స్‌టైల్స్, పవర్‌గ్రిడ్ కేసులో 2016లో సుప్రీంకోర్టు తేల్చేసింది. అంత పెద్ద కంపెనీయే ఆపలేకపోయింది. రెండెకరాల రైతు ట్రాక్టర్ అడ్డం పెట్టినా కలెక్టర్ ఉత్తర్వు, వెనకే పోలీసులు వస్తారు.

అందుకని చిన్న లైను విషయంలో నా ఓటు అభ్యంతరానికే. అయితే లైనే వద్దని కాదు, గట్టు వెంబడో డొంక వెంబడో తీసుకెళ్లమని. ఆ మాట స్తంభాలు దిగకముందే డిస్కం ఏఈకి (అసిస్టెంట్ ఇంజనీరుకు) కాగితం మీద రాసిచ్చి, అందినట్టు సంతకం తీసుకోండి. నోటిమాటను ఏ ఫైల్లోనూ పెట్టరు. స్తంభాలు దిగాక కూడా తగిన కారణం చూపి, తీయించమనో మార్పించమనో కలెక్టర్‌ను అడిగే వీలు ఆ నిబంధనల్లో ఉంది. కానీ డిస్కం ఆఫీసుకు వెళ్తే మాత్రం ఎస్టిమేట్ వేసి డబ్బు మనల్నే కట్టమంటారు. స్తంభాలు, తీగ, కూలీ అన్నీ మన ఖాతాలోకే. డిస్కంకు కూడా 164 అధికారాలు ఇచ్చారేమో కనుక్కోవడం మాత్రం మరవద్దు. ఇచ్చి ఉంటే పై లెక్క తలకిందులవుతుంది.

పెద్ద లైనుతో పోట్లాట టవర్ ఎక్కడ, డబ్బెంత అన్నవాటి మీద ఉండాలి. చాలామంది బేరమంతా టవర్ దగ్గరే చేస్తారు, ఎందుకంటే కంటికి కనబడేది అదే. కాళ్ల మధ్య నాగలి తిరగదు, తుమ్మ మొలుస్తుంది, ఎలుకలు చేరతాయి. ఆ బాధ నిజమే గానీ పెద్ద సొమ్ము తీగల కిందుంది.

లెక్క చూడండి. ఎకరం 20 లక్షలు అనుకుందాం. 220 కేవీ లైను కారిడార్, అంటే తీగల కింది పట్టీ, వెడల్పు 35 మీటర్లనుకుందాం. అది మీ చేలో 100 మీటర్లు పోతే దాదాపు 86 సెంట్లు దాని కిందికొస్తాయి, అంటే 17 లక్షల పైచిలుకు భూమి. టవర్ కాళ్ల మధ్య ఏడేసి మీటర్లనుకుని, నిబంధన ప్రకారం చుట్టూ మీటరు కలిపితే రెండు సెంట్లు. కేంద్ర విద్యుత్ శాఖ 2015 మార్గదర్శకాల్లో టవర్ స్థలానికి భూమి విలువలో 85 శాతం, కారిడార్‌కు గరిష్ఠంగా 15 శాతం ఉండేవి. 2024 జూన్‌లో వాటిని 200, 30 శాతాలకు పెంచారు. కొత్త లెక్కన టవర్‌కు సుమారు 80 వేలు, కారిడార్‌కు అయిదు లక్షల పైన. టవర్ దగ్గర పదివేలు ఎక్కువ పిండుకున్నామని సంబరపడి, కారిడార్ కొలతల కాగితం చదవకుండా సంతకం పెడితే ఎవరికి నష్టం?

ఈ మార్గదర్శకాలు 66 కేవీ, ఆపై లైన్లకే. పైగా రాష్ట్రాలు వీటిని ఉన్నదున్నట్టు తీసుకోవచ్చు, మార్చుకోవచ్చు. కాబట్టి మీ లైనుకు ఏ జీవో వర్తిస్తుందో అడిగి, దాని కాపీ తీసుకోండి. భూమి విలువంటే రిజిస్ట్రేషన్ విలువే అని కొట్టిపారేస్తే ఊరుకోవద్దు. మార్కెట్ ధర అంతకంటే ఎక్కువుంటే దాన్ని లెక్కలోకి తీసుకునే వీలు 2024 మార్గదర్శకాల్లోనే కలెక్టర్‌కు ఉంది.

కోర్టు? లైను ఆపడానికైతే ఖర్చు దండగ. పరిహారం చాలలేదంటే మాత్రం జిల్లా జడ్జి దగ్గరకు వెళ్లొచ్చు, పాత టెలిగ్రాఫ్ చట్టంలోనే ఆ దారి ఉంది. భూమి ఎక్కడుంది, హైవోల్టేజీ లైను చిన్న కమతం మీదుగా పోతోందా, పొలం మధ్యలోంచి పోతోందా లాంటివన్నీ చూసి పరిహారం కట్టాలని కేరళ విద్యుత్ బోర్డు కేసులో 2007లో సుప్రీంకోర్టు చెప్పింది. కొబ్బరి, మామిడి, ఆయిల్‌పామ్ తోటలున్నవాళ్లకు ఇది మరీ అవసరం. వరి రైతు తీగల కింద మళ్లీ నాటుకుంటాడు, కొబ్బరి రైతుకు ఆ పట్టీలో ఇక చెట్టే ఉండదు.

భూమిలోంచి కేబుల్ వేయమనే సలహా తరచూ వినబడుతుంది. 11 కేవీకి, అదీ ఇళ్ల మధ్య, ఖర్చు భరించేవాళ్లుంటే బాగుంటుంది. చేలో నుంచి పోయే 400 కేవీకి అడిగితే నవ్వుతారు.

ఇక పంట నష్టం. ఇది భూమి పరిహారానికి వేరు. పునాది తవ్వినప్పుడు, టవర్ నిలబెట్టినప్పుడు, తీగ లాగినప్పుడు చేను ఒక్కోసారి తొక్కుడుపడుతుంది. ప్రతిసారీ రెవెన్యూవాళ్ల సమక్షంలో విడిగా రాయించుకోండి, ఫోటోలు తీసి పెట్టుకోండి. పొలం కౌలుకిచ్చి ఉంటే ఆ పంట కౌలుదారుది. పంట డబ్బు పట్టాదారు పాసుపుస్తకం చూసి యజమాని ఖాతాలో పడకముందే అతని పేరు పంచనామాలో ఎక్కించండి.