జాగ్రత్త: అమ్మానాన్నలను నయాగరా బస్సు టూర్‌కి పంపే ముందు ఇది చదవండి

న్యూజెర్సీ నుంచి వారాంతాల్లో నయాగరాకి వెళ్ళే బస్సు టూర్లలో ఒకదానికి మా అమ్మానాన్నలను పంపించాం. ప్యాకేజీ పేరే "రెండు దేశాల నుంచి నయాగరా". తీరా చూస్తే వాళ్ళు కెనడాలో అడుగు పెట్టలేదు, బోటు ఎక్కలేదు. బస్సులో చాలామంది బ్రిడ్జి దాటి అవతలికి వెళ్ళిపోతే వీళ్ళిద్దరూ, మరికొందరు పెద్దవాళ్ళూ అమెరికా వైపు ఒక పార్కింగ్ లాట్‌లో చలిగాలికి మధ్యాహ్నమంతా కూర్చున్నారు. నాన్నకి డెబ్బై దగ్గర పడుతున్నాయి, షుగర్ ఉంది. తలుచుకుంటే ఇప్పటికీ కడుపు మండిపోతుంది.

కంపెనీ పేరు రాయడం లేదు. ఇదే పద్ధతిలో అమ్మేవాళ్ళు ఇంకా ఉన్నారు, ఒక పేరు చెబితే మిగతావాళ్ళందరూ నమ్మదగినవాళ్ళే అనుకునే ప్రమాదం ఉంది. ఎండాకాలం వచ్చిందంటే ఇక్కడ మన ఇళ్ళన్నీ ఇండియా నుంచి వచ్చిన పెద్దవాళ్ళతో కళకళలాడుతుంటాయి. వాళ్ళు ముందు అడిగేది నయాగరానే. అందుకే ఈ టూర్లు అమ్మేవాళ్ళు ఎక్కడెక్కడ బురిడీ కొట్టిస్తారో విడమరిచి రాస్తున్నాను.

మొదట ఫొటో సంగతి. మాకు వాట్సాప్ గ్రూపులో వచ్చిన ప్రకటన మీద హార్స్‌షూ ఫాల్స్ మొత్తం వంపు తిరిగి, ఎదురుగా నిలబడి చూస్తున్నట్టు ఉంది. అలా ఎదురుగా కనిపించేది కెనడా ఒడ్డు నుంచి. నయాగరా నదే అక్కడ రెండు దేశాల సరిహద్దు. అమెరికన్ ఫాల్స్, దాని పక్కనే ఉన్న సన్నటి బ్రైడల్ వెయిల్ ఫాల్స్ పూర్తిగా అమెరికావి. హార్స్‌షూ ఫాల్స్‌లో ఎక్కువ భాగం కెనడాది. నదిలో నీళ్ళు దాదాపు తొంభై శాతం ఆ హార్స్‌షూ మీదుగానే, సుమారు 57 మీటర్ల ఎత్తు నుంచి పడతాయి. అమెరికా వైపు మనం జలపాతం అంచున, పక్కన నిలబడతాం. ఎదురుగా చూడలేం. అమెరికా వైపు కూడా అద్భుతమే, ఆ సంగతి తర్వాత చెబుతాను. కానీ అమ్మింది ఒకటి, చూపించింది ఇంకొకటి.

రెండోది, అసలైనది, వీసా. బుక్ చేసేటప్పుడు ఫోన్లో స్పష్టంగా అడిగాను, అమ్మానాన్నలకి అమెరికా విజిటర్ వీసా మాత్రమే ఉంది, కెనడాకి ఏమైనా కావాలా అని. "అంకుల్‌కి, ఆంటీకి యూఎస్ వీసా ఉంది కదండీ, చాలు. బోర్డర్ దగ్గర మా గైడ్ చూసుకుంటాడు, టెన్షన్ పడకండి" అన్నారు. అది పచ్చి అబద్ధం. ఇండియన్ పాస్‌పోర్ట్ ఉన్నవాళ్ళు అమెరికా నుంచి బ్రిడ్జి మీదుగా కెనడాకి వెళ్ళాలంటే కెనడా విజిటర్ వీసా కావాల్సిందే. చేతిలో ఉన్నది పదేళ్ళ బీ1/బీ2 విజిటర్ వీసా అయినా, హెచ్1బీ ఉద్యోగ వీసా అయినా కుదరదు. గ్రీన్ కార్డు ఉన్నవాళ్ళకి మాత్రం వీసా అక్కర్లేదు, పాస్‌పోర్టూ గ్రీన్ కార్డూ పట్టుకెళ్ళాలి. గైడ్ చూసుకోవడానికి అక్కడ ఏమీ ఉండదు, కెనడా ఆఫీసర్ ఒక్కొక్కరి కాగితాలు విడిగా చూస్తాడు.

కెనడా వీసాకి అప్లికేషన్ ఆన్‌లైన్‌లో పెట్టుకోవచ్చు. ఫీజు 100 కెనడియన్ డాలర్లు, వేలిముద్రలు ఇవ్వాల్సి వస్తే ఇంకో 85. స్టాంపింగ్ కోసం పాస్‌పోర్ట్ కూడా పంపాల్సి ఉంటుంది కాబట్టి ఇది వారాల పని, వారాంతంలో అయ్యేది కాదు. రెండు వైపులా చూపించాలనుకుంటే, పెద్దవాళ్ళు ఇండియాలో బయల్దేరక ముందే ఆ పని పూర్తి చేయించండి.

ఇప్పుడు ఆ టూర్ ఎలా నడిచిందో. అది ఏప్రిల్ నెలాఖరు, మాకిద్దరికీ సెలవు దొరకలేదు. తెలుగువాళ్ళు ఎక్కువగా వెళ్తున్నారని, భోజనానికి ఇబ్బంది ఉండదని ధైర్యంగా పంపాం. తెల్లవారుజామున ఎడిసన్‌లో బస్సు ఎక్కారు. హైవే ఎక్కగానే గైడ్ గోధుమరంగు కవరు పట్టుకుని సీటు సీటుకీ వచ్చాడట. రోజుకి ఇంత అని మనిషికి సర్వీస్ ఫీజు, అది తప్పనిసరి. ఆ తర్వాత బోటుకీ, కేవ్ ఆఫ్ ద విండ్స్‌కీ (జలపాతం కిందికి నడిచి వెళ్ళే మెట్ల దారి) కలిపి తలా తొంభై డాలర్లు, క్యాష్ మాత్రమే. ప్రకటనలో "అన్నీ కలిపి" అని ఉంది కదా అని నాన్న అడిగితే, అన్నీ అంటే బస్సూ హోటలూ అన్నాడు. రసీదు అడిగితే ఇవ్వలేదు, ఒక కాగితం మీద సీటు నంబరు పక్కన టిక్కు పెట్టుకున్నాడు. అంతే.

అసలు ఏప్రిల్‌లో ఆ డబ్బు ఎలా వసూలు చేస్తారో నాకు అర్థం కాదు. ఈరీ సరస్సు నుంచి గడ్డకట్టిన మంచు పలకలు నదిలోకి కొట్టుకు రాకుండా ప్రతి చలికాలం అడ్డుగా ఒక ఐస్ బూమ్ వేస్తారు, మంచు చాలావరకు కరిగాకే దాన్ని తీస్తారు. నదిలో మంచు పోతే గానీ బోట్లు మొదలు కావు. అందుకే మొదలయ్యే తేదీ ఏడాదికొక రకంగా ఉంటుంది, కొన్నిసార్లు మే నెల దాకా పోతుంది. అమెరికా వైపు బోట్లు నడిపే మెయిడ్ ఆఫ్ ద మిస్ట్ వాళ్ళు ఆ తేదీని ముందే ప్రకటిస్తారు, కాబట్టి టూర్ నడిపేవాళ్ళకి తెలియకపోవడం అంటూ ఉండదు. కేవ్ ఆఫ్ ద విండ్స్ సంగతీ అంతే. జలపాతం కిందికి తీసుకెళ్ళే ఆ చెక్క మెట్లూ డెక్కులూ ప్రతి శరత్తులో విప్పేసి వసంతంలో మళ్ళీ కడతారు. కట్టడం పూర్తయ్యేదాకా దూరం నుంచి చూడటమే, ఆ రోజుల్లో టికెట్ ధర కూడా తక్కువే. మా వాళ్ళు వెళ్ళినప్పుడు బోటు ఇంకా మొదలే కాలేదు. తొంభైలో ఒక్క డాలరు వెనక్కి రాలేదు. "బోటుకి బదులు" అని అవుట్‌లెట్ మాల్‌కి తీసుకెళ్ళారు.

రాత్రి "నైట్ వ్యూ" అని తీసుకెళ్ళింది అర్ధరాత్రి దగ్గర పడుతుండగా. అమెరికా, కెనడా మధ్య 1950లో కుదిరిన ఒప్పందం ప్రకారం టూరిస్టు సీజన్‌లో పగటిపూట జలపాతం మీదుగా సెకనుకి కనీసం 2,832 ఘనపు మీటర్ల నీళ్ళు వదలాలి. రాత్రివేళల్లోనూ చలికాలంలోనూ అందులో సగం వదిలితే చాలు, మిగతాది కరెంటు తయారీకి మళ్ళిస్తారు. అంత పొద్దుపోయాక తీసుకెళ్తే పెద్దవాళ్ళు చీకట్లో చూసేది ఆ తగ్గిన నీళ్ళనే. రంగు లైట్లు చూడాలంటే సాయంత్రం చీకటి పడగానే వెళ్ళాలి.

మర్నాడు జరిగినదాన్ని మాత్రం క్షమించలేను. రెండు దేశాలనీ కలిపే రెయిన్‌బో బ్రిడ్జికి ముందు బస్సాపి గైడ్, కెనడా వీసా లేనివాళ్ళు దిగండి, వచ్చేటప్పుడు ఎక్కించుకుంటాం, ఇక్కడి నుంచి కదలొద్దు అన్నాడట. ఎప్పుడొస్తారో చెప్పలేదు. నాన్న నాకు ఫోన్ చేద్దామంటే కాల్ కలవలేదు. నది ఒడ్డున ఫోన్లు తరచుగా కెనడా టవర్లకి తగులుకుంటాయి. స్క్రీన్ మీద "వెల్‌కమ్ టు కెనడా" అని మెసేజ్ వస్తుంది, మనం పెద్దవాళ్ళకి తీసిచ్చే చవక ప్రీపెయిడ్ ప్లాన్ అక్కడితో పని చేయదు. చివరికి ఎదురుగా ఉన్న హోటల్ రిసెప్షన్‌లో బతిమాలి, వైఫై పట్టుకుని వాట్సాప్‌లో చేశారు. అమ్మ గొంతు వణుకుతోంది. చలికో భయానికో నాకు తెలియలేదు. నేను గైడ్‌కి చేస్తే ఎత్తలేదు, కంపెనీకి చేస్తే "వీసా బాధ్యత ప్రయాణికులదే అని కండిషన్లలో ఉంది మేడమ్" అని పెట్టేశారు.

ఇంకా బాధ కలిగించేది ఏమిటంటే, వాళ్ళు కూర్చున్న చోటికి ప్రాస్పెక్ట్ పాయింట్ నడిచి వెళ్ళేంత దగ్గర. అమెరికన్ ఫాల్స్ చేతికందేంత దూరంలో దూకే చోటు అది, చూడటానికి పైసా కట్టక్కర్లేదు. ఆ మాట ఒక్కరు చెప్పి ఉంటే ఆ మధ్యాహ్నం హాయిగా గడిచేది.

జూన్‌లో మేమే కారులో తీసుకెళ్ళాం. అప్పుడు తెలిసింది, ప్యాకేజీలో డబ్బు పెట్టి కొన్నదాంట్లో సగం ఊరికే దొరుకుతుందని. అమెరికా వైపున్నది నయాగరా ఫాల్స్ స్టేట్ పార్క్, 1885లో ఏర్పడింది. ప్రవేశం ఉచితం, ఏడాది పొడుగునా తెరిచే ఉంటుంది. కట్టాల్సింది పార్కింగ్‌కీ, బోటు లాంటి వాటికీ. కౌంటర్లో మెయిడ్ ఆఫ్ ద మిస్ట్ టికెట్ ముప్పై డాలర్ల చిల్లర, అబ్జర్వేషన్ టవర్ అందులోనే వస్తుంది. కేవ్ ఆఫ్ ద విండ్స్ వేసవిలో ఇరవై పైచిలుకు. రెండూ కలిపినా గైడ్ వసూలు చేసిన తొంభైకి చాలా తక్కువ. బోటు దాకా లిఫ్ట్ ఉంది, మోకాళ్ళ నొప్పులున్నవాళ్ళు కూడా వెళ్ళొచ్చు. కేవ్ ఆఫ్ ద విండ్స్‌లో లిఫ్ట్ దిగాక తడి చెక్క మెట్లు ఎక్కాలి, అది మా అమ్మ వల్ల కాలేదు, నాన్న ఒక్కరే పైదాకా వెళ్ళొచ్చారు. పార్కులో తిరగడానికి ట్రాలీ బండి ఉంది, కొద్ది డాలర్లు. గోట్ ఐలాండ్‌లో టెర్రపిన్ పాయింట్ తప్పకుండా చూపించండి. హార్స్‌షూ అంచు అక్కడే. పచ్చటి నీరు చప్పుడు లేకుండా జారుతూ వచ్చి ఒక్కసారిగా విరిగి తెల్లబడటం రెయిలింగ్ పట్టుకుని చూడొచ్చు. అమ్మ కళ్ళజోడు తుంపరకి తడిసిపోతే చీర కొంగుతో తుడుచుకుంటూ, మళ్ళీ తడిసినా సరే అక్కడి నుంచి కదలలేదు. రెండు దేశాలూ అక్కర్లేదు, తీరిగ్గా ఒక్కటి చూపించినా చాలు.

అయినా బస్సులోనే పంపాల్సి వస్తే, డబ్బు కట్టక ముందు ఈ సమాధానాలు ఫోన్లో కాకుండా మెసేజ్‌లో రాయించుకోండి. కెనడా వీసా లేనివాళ్ళని ఎక్కడ ఉంచుతారు, వాళ్ళతో ఎవరుంటారు? జలపాతం దగ్గర పగటిపూట ఎన్ని గంటలు? బోటు నడవకపోతే ఎంత వెనక్కి ఇస్తారు? తప్పనిసరి టిప్పులూ ఫీజులూ మొత్తం ఎంత? రాసివ్వడానికి తటపటాయించారంటే అక్కడితో ఆపేయండి.

జెల్ (Zelle, బ్యాంకు ఖాతా నుంచి నేరుగా డబ్బు పంపే పద్ధతి)లోనో క్యాష్‌లోనో కట్టమంటే కట్టకండి. జెల్‌లో మనంతట మనం పంపిన డబ్బు తిరిగి రాబట్టడం చాలా కష్టం. క్రెడిట్ కార్డుతో కడితే, చెప్పినది ఇవ్వలేదని బ్యాంకులో డిస్ప్యూట్ వేయొచ్చు, స్టేట్‌మెంట్ వచ్చిన 60 రోజుల లోపు రాతపూర్వకంగా వేయడం మంచిది. మేం ప్యాకేజీ డబ్బు కార్డు మీద కట్టాం కాబట్టి, ప్రకటన స్క్రీన్‌షాట్లు జత చేస్తే బ్యాంకు కొంత తిరిగి ఇప్పించింది. గైడ్ కవరులోకి వెళ్ళిన క్యాష్ మాత్రం పోయినట్టే. కాబట్టి ప్రకటన కనిపించిన రోజే స్క్రీన్‌షాట్ తీసి దాచుకోండి. మాకు అమ్మిన కంపెనీవాళ్ళు తర్వాత దాన్ని మార్చేశారు.

సొంతంగా వెళ్ళేవాళ్ళకి మరో మాట. ఎడిసన్ వైపు నుంచి సుమారు 400 మైళ్ళు, దాదాపు ఏడు గంటల డ్రైవ్. ఊళ్ళోకి వెళ్ళాక "టూరిస్ట్ ఇన్ఫర్మేషన్" అని బోర్డు పెట్టుకున్న ప్రైవేటు బడ్డీలు కనిపిస్తాయి, అవి టూర్లు అమ్ముకునే చోట్లు. రోడ్డు మీద చేతులూపి పార్కింగ్‌లోకి పిలిచేవాళ్ళనీ దాటేయండి, సరాసరి స్టేట్ పార్క్ వాళ్ళ లాట్‌కే వెళ్ళండి. జీపీఎస్‌లో ఊరికే "నయాగరా ఫాల్స్" అని కొట్టకండి, కెనడా వైపు ఊరి పేరు కూడా అదే. రెయిన్‌బో బ్రిడ్జి లేన్‌లోకి పొరపాటున దిగితే వెనక్కి తిప్పుకోవడానికి వీలుండదు, కెనడా బూత్ దాకా వెళ్ళి, అక్కడి నుంచి తిరిగొచ్చి మళ్ళీ అమెరికా ఇమిగ్రేషన్‌కి కాగితాలు చూపించాలి. అందుకని అమెరికా వైపే ఉండేట్టయినా అందరి ఒరిజినల్ పాస్‌పోర్టులూ, ఐ-94 (అమెరికాలోకి వచ్చినట్టు చూపే రికార్డు) ప్రింటూ కారులో పెట్టుకునే బయల్దేరండి.