చిక్కటి సూప్‌కి హ్యాండ్ బ్లెండర్: స్టీల్ కాడ ఉన్నదే కొనండి

వెన్న, క్రీమ్, కార్న్‌ఫ్లోర్ లేకుండా చిక్కటి కూరగాయల సూప్ కావాలంటే హ్యాండ్ బ్లెండర్ (చేత్తో పట్టుకుని, కాడ చివర బ్లేడును గిన్నెలోనే ముంచి తిప్పేది) నిజంగా పనికొచ్చే వస్తువు. ప్లాస్టిక్ కాడ ఉన్నది మాత్రం వద్దు. పసుపు మరక పట్టిందంటే వదలదు, మరిగే సూప్‌లో ముంచడానికీ భయమే.

మిక్సీలో వేడి సూప్ తిప్పితే ఆవిరి మూతను ఎగదన్నుతుంది, చల్లారేదాకా ఆగాలి. హ్యాండ్ బ్లెండర్‌తో అయితే కుక్కర్‌లోనే పని అయిపోతుంది.

నలుగురికి సొరకాయ ముక్కలు పావుకిలో, క్యారెట్ ఒకటి, టమాటాలు రెండు, పెసరపప్పు రెండు టేబుల్ స్పూన్లు, నీళ్లు మూడు గ్లాసులు. చెంచాడు నూనెలో ఉల్లి, వెల్లుల్లి వేయించి, ఇవన్నీ వేసి ఉప్పు కలిపి మూడు విజిల్స్ రానివ్వండి. చిక్కదనమంతా పెసరపప్పుదే, దాన్ని మానొద్దు. ఆవిరి పూర్తిగా పోయాక మూత తీసి, బ్లేడు మునిగాకే స్విచ్ నొక్కాలి; పైకి తేలితే వేడివేడిగా చేతిమీద చిందుతుంది. సగమే మెదపండి. నమలడానికి ముక్కలుంటేనే కడుపు నిండినట్టుంటుంది. బంగాళాదుంప వేస్తే మరీ తక్కువ తిప్పాలి, లేదంటే జిగురుజిగురుగా అవుతుంది. మిరియాల పొడి, నిమ్మరసం దించాకే.

లోపమల్లా మోటారు త్వరగా వేడెక్కడం, నిమిషానికోసారి ఆపాలి. నాన్‌స్టిక్ గిన్నెలో అసలు వాడకండి, పూత గీరుకుపోతుంది.