ఖుర్జా వెళ్ళి కంచాలు కొన్నాం: ఎక్కడ దిగాలి, ఏది కొనాలి, ఎలా తెచ్చుకోవాలి

ఢిల్లీ వెళ్ళే మనవాళ్ళు ఆగ్రా, మథుర, ఇంకా ఓపికుంటే హరిద్వార్ చూసుకుని వస్తారు. ఖుర్జా మాట ఎవరూ ఎత్తరు. ఎత్తాల్సిన పనీ లేదు, చూడ్డానికి అక్కడ ఏమీ లేదు గనక. ఉత్తరప్రదేశ్‌లో బులంద్‌షహర్ జిల్లా, ఢిల్లీకి 90 కిలోమీటర్లు. దుమ్ము, ఈ-రిక్షాలు, వాడుకలో లేని పాత బట్టీల పొడవాటి చిమ్నీలు. కానీ హైదరాబాద్ నాంపల్లి నుమాయిష్‌లో మనం ఎగబడి కొనే నీలం పూల కప్పులు, ఊరగాయ జాడీలు ఆ ఊరివే. ఇంటికి పింగాణీ కంచాలు కొనే ఆలోచన ఉండి, ఎలాగూ అటు వెళ్ళే పని పడితే ఒక పూట ఖర్చు పెట్టొచ్చు. కంచాల కోసమే హైదరాబాద్ నుంచి బయల్దేరడం మాత్రం దండగ.

మా మరిది నోయిడాలో ఇల్లు కొని గృహప్రవేశానికి పిలిచాడు. ఇంట్లో వాడుతున్న కంచాల సెట్టులో నాలుగే మిగిలాయి, మేం ఆరుగురం. పోయిన రెండిటి జత ఎక్కడా దొరకలేదు, ఆ డిజైను ఆపేశారట. అందుకే ఈసారి మా షరతులు ముందే రాసుకున్నాం. చారు పోస్తే అంచు దాటకూడదు. పెరుగన్నం చేత్తో కలుపుకునేంత లోతుండాలి. పనమ్మాయి పీచుతో రుద్దినా గీతలు పడకూడదు. ఒకటి పగిలితే అదొక్కటే మళ్ళీ దొరకాలి. అత్తయ్యది ఇంకో షరతు: "బోన్ చైనా మాత్రం వద్దమ్మా." ఆవిడ పట్టుదలకి కారణం ఉంది. అందులో నిజంగానే పశువుల ఎముకల బూడిద కలుస్తుంది, అదీ చిటికెడు కాదు, మట్టిలో మూడో వంతు నుంచి సగం దాకా. గట్టిదనంలో దానికి వంక పెట్టలేం. పూజ గది ఉన్న ఇంట్లో దాని మీద నైవేద్యం పెట్టాలా అన్నది ఎవరింటి నిర్ణయం వాళ్ళది.

బస సంగతి. మొదట కరోల్‌బాగ్‌లో దిగాం. మెట్రో పక్కనే, బజారు కిందే, రాత్రి పదకొండింటికి కూడా వేడి పాలు దొరుకుతాయి. గదులు మాత్రం సూట్‌కేసు తెరిస్తే మనిషి మంచమెక్కి కూర్చోవాల్సినంత ఇరుకు. ఊరు చూడ్డానికి మంచి చోటే గానీ ఖుర్జా వెళ్ళడానికి కాదు, పొద్దున్నే ఢిల్లీ మొత్తం అడ్డంగా దాటాలి. తర్వాత నోయిడాలో ఒక సాధారణ హోటల్‌కి మారాం. అద్దె కాస్త ఎక్కువైనా కారు పెట్టుకునే చోటుంది, కొన్న పెట్టెలు కింద రిసెప్షన్ దగ్గర దాచి పెట్టారు. సామాను కొనే ఉద్దేశంతో వెళ్ళేవాళ్ళు నోయిడా, గ్రేటర్ నోయిడా వైపు దిగడమే తెలివి. ఖుర్జాలో రాత్రి ఉండాల్సిన అవసరం ఎవరికీ రాదు.

వెళ్ళడానికి రైలుంది. ఢిల్లీ-అలీగఢ్ లైన్లో ఖుర్జా జంక్షన్. టికెట్ చవకే, కానీ స్టేషన్ ఊరికి దూరం, అక్కణ్ణించి రిక్షా పట్టుకోవాలి, తిరుగు ప్రయాణంలో పింగాణీ పెట్టెలతో ప్యాసింజర్ బండి ఎక్కడం ఇంకో యుద్ధం. మేం రోజు లెక్కన టాక్సీ మాట్లాడుకున్నాం. డ్రైవర్ తనకు "తెలిసిన షోరూమ్"కే తీసుకెళ్ళాలని చూశాడు. వద్దని గట్టిగా చెప్పాక దారికొచ్చాడు. నలుగురు వెళ్తే టాక్సీయే నయం.

ఖుర్జాలో రోడ్డు మీద కనిపించే దుకాణాలు ఒక రకం, లోపల ఫ్యాక్టరీలకు ఆనుకుని ఉండేవి ఇంకో రకం. రోడ్డు మీద షాపుల్లో అంతా అలంకరణ సామానే. రంగులు, బంగారు అంచులు, దీపాలు, బుద్ధుడి తలలు. మనకు కావాల్సింది లోపల. అక్కడ వరసలు వరసలుగా కంచాలు గడ్డిలో పేర్చి ఉంటాయి, ఎంచుకోవడం మన పని. దక్కనీ హిందీ విని ఒక దుకాణదారు నవ్వాడు గానీ ధర తగ్గించాడు.

ఎంచుకోవడమంటే ఏమిటో అక్కడ ఒక పెద్దాయన చూపించారు. ఆయన అమ్మేవాడు కాదు, ప్యాకింగ్ చేసే మనిషి. కంచాన్ని వేళ్ళ కొస మీద నిలబెట్టి గోటితో కొట్టారు. ఖంగుమని సాగితే లోపల బీట లేదు, టప్పుమని ఆగిపోతే ఉంది. తర్వాత వెనక్కి తిప్పారు. అడుగున వలయంలా గ్లేజు, అంటే గాజులాంటి నున్నటి పూత, లేని అంచు ఉంటుంది, అసలు మట్టి కనిపించేది అక్కడే. దాని మీద నీటి చుక్క వేస్తే వెంటనే పీల్చుకుందంటే సరిగా కాలలేదు. స్టోన్‌వేర్ అనే గట్టి రకం 1200 డిగ్రీల పైన కాలుతుంది, ఆ వేడికి మట్టిలోని రంధ్రాలు మూసుకుపోతాయి. తక్కువ వేడిలో కాల్చిన సరుకు చూపులకి అలాగే ఉంటుంది, ధర కూడా తక్కువే. ఏడాది తిరిగేసరికి గ్లేజు మీద వెంట్రుకల్లాంటి పగుళ్ళు వస్తాయి. వాటిలోకి నూనె, పసుపు దిగిందంటే ఇక ఏ సబ్బుకీ రాదు. పులుసులు తినే ఇంటికి అది పనికిరాని సరుకు.

ఆ అడుగు వలయం గరుకుగా ఉంటే ఇంకో తంటా. ఒకదాని మీద ఒకటి పేరిస్తే పై కంచం అడుగు కింది కంచం గ్లేజుని గీకేస్తుంది. వేలితో తడిమి నున్నగా ఉన్నవే తీసుకోవాలి. స్టీలు స్పూన్లతో పడే బూడిదరంగు గీతలు వేరు. అవి కోతలు కావు, లోహం అంటుకోవడం. మెత్తటి క్లీనింగ్ పౌడర్‌తో పోతాయి.

రంగుల మాట. లోపలి వైపు ఎర్రగా, నారింజగా మెరిసేవి నేను పక్కన పెట్టేశాను. అలాంటి గ్లేజుల్లో సీసం, కాడ్మియం లాంటి విషపు లోహాలు వాడే అలవాటు పాతది. చింతపండు, నిమ్మకాయ, పెరుగు తగిలితే అవి తిండిలోకి దిగుతాయి. ఇప్పుడు సీసం లేని గ్లేజులు వస్తున్నాయి, పరీక్ష రిపోర్టు అడిగితే కొందరు చూపిస్తారు. కేంద్ర గాజు, సిరామిక్ పరిశోధన సంస్థకు ఖుర్జాలోనే శాఖ ఉంది కాబట్టి "రిపోర్టు ఎక్కడ చేయిస్తాం" అనే సాకు అక్కడ చెల్లదు. చూపించలేనివాళ్ళ దగ్గర లోపల తెల్లగా, బయట మాత్రమే పువ్వులున్నవి తీసుకుంటే సరి. బంగారు గీత ఉన్నది మైక్రోవేవ్‌లో పెట్టకూడదన్నది ఎలాగూ అందరికీ తెలుసు.

చివరికి మేం కొన్నవి విందు హోటళ్ళ పద్ధతిలో వెడల్పు అంచుతో చదునుగా ఉండే ప్లేట్లు కావు. అవి నూడుల్స్‌కి బాగుంటాయి. చారన్నం కలిపితే చారంతా మోచేతికి. గోడ నిటారుగా లేచిన లోతు కంచాలు, వాళ్ళు పాస్తా ప్లేట్లని అమ్మేవి, మన భోజనానికి సరిగ్గా సరిపోయాయి. ఆరు కావాల్సిన చోట ఎనిమిది తీసుకున్నాం. సెట్టు పెట్టె కాకుండా విడిగా కొన్నందుకు రెండు లాభాలు: ప్రతి ముక్కా పరీక్షించి తీసుకోవచ్చు, అక్కర్లేని సాస్ గిన్నెలకి డబ్బు కట్టనక్కర్లేదు.

రవాణా దగ్గర మాత్రం జాగ్రత్త. ఒక చోట కొన్న జాడీలను "పార్సిల్ మేం పంపిస్తాం" అన్నారు. వచ్చిన పెట్టెలో సగం పెంకులు, ఫోన్ చేస్తే రవాణా కంపెనీ మీదకి నెట్టారు. చేత్తో తెచ్చుకున్న కంచాలు ఒక్కటీ పగల్లేదు. కంచాలను పడుకోబెట్టకుండా నిలువుగా పేర్చి, మధ్యలో కాగితం, చుట్టూ గడ్డి, ఆపైన అట్టపెట్టె. ఆ పెద్దాయనే కట్టిచ్చారు. విమానంలో మామూలు టికెట్‌కి సామాను 15 కిలోల లోపే, స్టోన్‌వేర్ కంచం ఒక్కోటి ముప్పావు కిలో తూగుతుంది. మేం రైల్లో వచ్చాం. థర్డ్ ఏసీలో మనిషికి 40 కిలోలు ఉచితం, పెట్టె కింది బెర్తు కింద పట్టింది.

ఇంత చేసి, ఇవి రోజువారీ కంచాలా అంటే, పిల్లలున్న ఇంట్లో కాదు. రోజువారీకి స్టీలే మేలన్న అత్తయ్య మాటే నెగ్గింది. తిరుగు రైలెక్కే ముందు ఆంధ్రా భవన్ క్యాంటీన్‌లో భోంచేశాం. పప్పు, పులుసు, పెరుగు, అడిగినంత అన్నం, అన్నీ స్టీలు పళ్ళెంలో. ఎన్ని వందలమంది తిని లేచినా ఆ పళ్ళేలు అలాగే ఉన్నాయి. "చూశావా?" అన్నట్టు నా వైపు చూశారావిడ.

స్టీలు కోసం ఢిల్లీ సదర్ బజార్‌లో డిప్టీ గంజ్ కూడా తిరిగాం. టోకు బజారు, ఒకటి రెండు కొనేవాళ్ళని పెద్దగా పట్టించుకోరు. నా మట్టుకు హైదరాబాద్‌లో బేగంబజారే సుఖం. కిలో లెక్కన తూచి ఇస్తారు, బేరం మన భాషలో సాగుతుంది, కొన్న వెంటనే పేరు చెక్కించుకోవచ్చు. అడగాల్సింది గ్రేడు. 304 రకంలో 18 శాతం క్రోమియం, 8 శాతం నికెల్. 202లో నికెల్ తగ్గించి మాంగనీస్ వేస్తారు, ఉప్పుకీ పులుపుకీ త్వరగా మచ్చలు పడతాయి. దుకాణదారు అయస్కాంతం పెట్టి "చూడండక్కా, అంటుకోలేదు" అంటాడు. 202 కూడా అంటుకోదు, కాబట్టి ఆ పరీక్షతో రెండిటికీ తేడా తెలియదు. స్టీలు సామానుకి ఐఎస్ఐ గుర్తు తప్పనిసరి చేస్తూ 2024లో కేంద్రం ఉత్తర్వు ఇచ్చింది, ఆ ముద్ర చూసుకోవడం నయం. మందం గేజ్‌లో చెప్తారు, అంకె పెరిగేకొద్దీ రేకు పల్చన. పల్చటి కంచంలో వేడన్నం వడ్డిస్తే పట్టుకోలేం.

ఖుర్జా కంచాలు ఇప్పుడు అలమార పై అరలో ఉన్నాయి, చుట్టాలొచ్చినప్పుడు, ఆదివారాలు దిగుతాయి. మామయ్యకి కంచు కంచం కావాలట. దానికి శ్రీకాకుళం జిల్లా బూడితి వెళ్ళాలి. అరసవల్లి దర్శనంతో కలిపి సంక్రాంతి సెలవులకి పెట్టుకున్నాం. అక్కడ బస, బేరం తెలిసినవాళ్ళుంటే చెప్పండి.