కోనసీమలో ఒక ప్రభుత్వ జూనియర్ కళాశాల: ఒక తండ్రి సమీక్ష

పదో తరగతి ఫలితాలు వెలువడగానే బస్టాండు గోడలన్నీ ర్యాంకుల ఫ్లెక్సీలతో నిండిపోతాయి గానీ, ప్రభుత్వ జూనియర్ కళాశాలలో ఏమి దొరుకుతుందో చెప్పేవారు కనిపించరు. మా అమ్మాయి కోనసీమలో ఒక మండల కేంద్రంలోని ప్రభుత్వ కళాశాలలో బైపీసీ చదివి 2025లో ఇంటర్మీడియట్ పూర్తి చేసింది. సైన్సును తన చేతులతో చేసి నేర్చుకోవాలనుకునే పిల్లలకు ఇంతకంటే మంచి చోటు మా చుట్టుపక్కల లేదన్నది నా అభిప్రాయం. ప్రవేశ పరీక్షలే ధ్యేయంగా పెట్టుకున్నవారికి మాత్రం ఇది ఒక్కటే చాలదు.

ఈ కళాశాల విలువ తెలియాలంటే గోదావరి డెల్టాలో పై చదువు ఎలా విస్తరించిందో కొంత చెప్పాలి. రాజమహేంద్రవరంలో 1853లో జిల్లా పాఠశాలగా మొదలైన సంస్థ 1873లో కళాశాల అయింది. కందుకూరి వీరేశలింగం గారు అక్కడ తెలుగు పండితులుగా పనిచేశారు. కాకినాడలోని పిఠాపురం రాజావారి కళాశాల రఘుపతి వెంకటరత్నం నాయుడు గారు ప్రిన్సిపాలుగా ఉన్న కాలంలో ఎంతో పేరు తెచ్చుకుంది. భీమవరంలో 1945లో, నరసాపురంలో 1949లో, అమలాపురంలో 1951లో కళాశాలలు వెలిసినా, గోదావరి పాయల మధ్య ఉన్న లంక గ్రామాల పిల్లలు వాటిలో చదవాలంటే రేవు దాటి పట్నం చేరి, గది అద్దెకు తీసుకుని స్వయంగా వండుకుని తినవలసి వచ్చేది. ఏడాది పీయూసీ (డిగ్రీకి ముందు చదివే కోర్సు) స్థానంలో 1969-70 నుంచి రెండేళ్ల ఇంటర్మీడియట్ రావడం, 1971లో ఇంటర్మీడియట్ బోర్డు ఏర్పడడం, ఆ తర్వాత చిన్న ఊళ్లకు కూడా జూనియర్ కళాశాలలు రావడం వల్లనే మా తరంలో ఎందరో, ముఖ్యంగా ఆడపిల్లలు, పదో తరగతితో ఆగిపోకుండా ముందుకు వెళ్లగలిగారు.

ఇక్కడ ఎంపీసీ, బైపీసీలతో పాటు సీఈసీ, హెచ్‌ఈసీ గ్రూపులు కూడా ఉన్నాయి. చరిత్ర, అర్థశాస్త్రం, పౌరశాస్త్రం చదవాలన్న కోరిక ఉన్న పిల్లకు మా ప్రాంతంలోని ప్రైవేటు కళాశాలల్లో దాదాపు తలుపులు మూసుకున్నట్టే. ఉపాధ్యాయ వృత్తికో, ప్రభుత్వోద్యోగాల గ్రూపు పరీక్షలకో వెళ్లదలచినవారికి హెచ్‌ఈసీ గట్టి పునాది కనుక, అది ఇక్కడ ఇంకా నడుస్తున్నందుకు నేను ఎంతో సంతోషిస్తున్నాను.

అన్నిటికంటే నాకు నచ్చింది ప్రయోగశాల. మా అమ్మాయి చదివిన విధానంలో మొత్తం 1000 మార్కులకు 120 మార్కులు ప్రాక్టికల్స్‌వే, అంటే వృక్ష, జంతు, భౌతిక, రసాయన శాస్త్రాలకు ఒక్కొక్కదానికి 30. చాలా చోట్ల వీటిని పరీక్షకు ముందు కొద్దిరోజుల్లో హడావిడిగా ముగించి, రికార్డును ఒకరిది చూసి మరొకరు రాసుకునేలా వదిలేస్తారు. ఇక్కడ రసాయన శాస్త్ర అధ్యాపకురాలు ప్రతి విద్యార్థి చేతా బ్యూరెట్ (ద్రవాన్ని చుక్కచుక్కగా వదిలే గాజు గొట్టం) పట్టించి, రంగు మారే చుక్క దగ్గర ఎలా ఆపాలో నేర్పించారు. లవణ విశ్లేషణలో తప్పు ఫలితం వస్తే దిద్ది చెప్పకుండా మళ్లీ మొదటినుంచి చేయించారు. వృక్షశాస్త్రం అధ్యాపకులు పిల్లల్ని అంబాజీపేట ఉద్యాన పరిశోధన కేంద్రానికి తీసుకెళ్లి కొబ్బరి తెగుళ్లు చూపించారు. ఇంటి పెరట్లో రోజూ చూసే చెట్టు గురించి పాఠ్యపుస్తకం ఏం చెబుతోందో మా అమ్మాయికి ఆనాడే అర్థమైంది. వెంకటరామన్నగూడెంలోని ఉద్యాన విశ్వవిద్యాలయంలో చేరాలన్న ఆలోచన కూడా ఆమెకు అప్పుడే కలిగింది.

2025 జనవరిలో ప్రభుత్వ జూనియర్ కళాశాలల్లో డొక్కా సీతమ్మ గారి పేరిట మధ్యాహ్న భోజనం మొదలైంది. లంకల గన్నవరంలో వేళాపాళా చూడకుండా బాటసారుల ఆకలి తీర్చిన ఆ తల్లి పేరు మా కోనసీమ పిల్లల భోజనానికి పెట్టడం సముచితం. ఉదయం ఏడింటికే ఇంటి నుంచి బయలుదేరి పడవలో రేవు దాటి వచ్చే లంక పిల్లలకు ఇది మాటల్లో చెప్పలేనంత ఆసరా. వంట మా అమ్మాయికి నచ్చింది. సాంబారు కొన్నిరోజులు పలచగా ఉండేదట.

లోపాలు కూడా దాచకూడదు. భౌతికశాస్త్రం అధ్యాపకుడి పోస్టు మొదటి సంవత్సరంలో నెలల తరబడి ఖాళీగా ఉండడంతో ఆ పాఠాలు వెనకబడ్డాయి. తర్వాత వచ్చిన అతిథి అధ్యాపకులు శ్రద్ధగా చెప్పినా, పోయిన కాలం పూర్తిగా పూడలేదు. గ్రంథాలయంలో మంచి పుస్తకాలు ఉన్నాయి గానీ బీరువాలకు తాళాలు వేసి ఉంచుతారు. అడిగితే ఇస్తారు, అడగడానికి పిల్లలు జంకుతారు. ఆగస్టులో గోదావరికి వరద వచ్చినప్పుడు పంటు, పడవలు ఆగిపోతాయి, లంక పిల్లలు వరసగా తరగతులు కోల్పోతారు. వారికోసం నీరు తగ్గాక ప్రత్యేక తరగతులు పెట్టాలని మా తల్లిదండ్రులం కోరితే కొందరు అధ్యాపకులు సొంత చొరవతో సాయంత్రాలు చెప్పారు గానీ, అది ఒక పద్ధతిగా మారలేదు. ఈఏపీసెట్, నీట్ ప్రవేశ పరీక్షలకు శిక్షణ ఇక్కడ లేదు కనుక మేము విడిగా ఏర్పాటు చేసుకున్నాం.

2025-26 నుంచి మొదటి సంవత్సరానికి ఎన్‌సీఈఆర్‌టీ పాఠ్యప్రణాళిక వచ్చింది. కొత్తగా చేర్చేవారు మా అమ్మాయి నోట్సు, పాత గైడ్లు పనికొస్తాయని అనుకోవద్దు. చేర్చే ముందు ఏ సబ్జెక్టుకు రెగ్యులర్ అధ్యాపకులు ఉన్నారో ప్రిన్సిపాలు గారిని నేరుగా అడగండి, ప్రయోగశాల తెరిపించి చూడండి. బల్లల మీద దుమ్ము ఉందో, యాసిడ్ మరకలు ఉన్నాయో గమనించండి. పదో తరగతి మార్కుల జాబితా, టీసీ, కుల, ఆదాయ ధ్రువపత్రాలు వెంట తీసుకెళితే చేరిక పని ఒక్క పూటలో అయిపోతుంది.