నీలగిరి కొండ రైలు: టికెట్టు ఊటీకి తీసుకున్నా బస కూనూరులోనే

మెట్టుపాళయం నుంచి ఊటీ దాకా 46 కిలోమీటర్లు. టికెట్టు ఒకటే అయినా నిజానికి ఇవి రెండు రైళ్లు. మెట్టుపాళయం నుంచి కూనూరు దాకా మొదటి 28 కిలోమీటర్లు ఆవిరి ఇంజనుతో, పట్టాల మధ్య వేసిన పళ్ల కడ్డీల సాయంతో ఎక్కే కొండ రైలు. కూనూరు నుంచి ఊటీకి మిగిలిన 18 కిలోమీటర్లు డీజిల్ ఇంజనుతో నడిచే మామూలు మీటర్‌గేజ్ బండి. ఈ తేడా తెలియక కూనూరు–ఊటీ షటిల్ ఎక్కి, 'టాయ్ ట్రైన్ చూసేశాం, పెద్ద విశేషం ఏమీ లేదు' అనుకుంటూ తిరిగొచ్చేవాళ్లు చాలామంది. వాళ్లు చూడనిదే అసలు రైలు.

ఈ దారికి రైలు వేయాలన్న ఆలోచన 1854 నాటిది. కొండ నిటారుగా ఉండటంతో దశాబ్దాలపాటు అది కాగితం దాటలేదు. పళ్ల పట్టాల రైళ్లలో పేరు మోసిన స్విస్ ఇంజనీరు నిక్లాస్ రిగ్గెన్‌బాక్‌ 1880లలో రంగంలోకి దిగాక కంపెనీ పెట్టారు. 1891లో మద్రాసు గవర్నర్ వెన్‌లాక్ పనులు ప్రారంభించాడు. మూడేళ్లు తిరక్కముందే ఆ కంపెనీ దివాలా తీసింది. తర్వాత వచ్చిన మరో కంపెనీ పని పూర్తి చేస్తే 1899 జూన్‌లో కూనూరుకు బండి చేరింది. 1903లో ప్రభుత్వం లైనును కొనేసింది. ఊటీకి రైలు 1908లో గానీ రాలేదు.

అంటే తొమ్మిదేళ్లు కూనూరే చివరి స్టేషన్. ఊటీ వెళ్లేవాళ్లంతా అక్కడ దిగి, మిగతా దారి గుర్రబ్బండ్లలో పోవలసిందే. వేసవి వస్తే మద్రాసు ప్రభుత్వం మొత్తం ఊటీకి తరలిపోయే రోజులవి. సర్కారు జిల్లాల, రాయలసీమ జిల్లాల ఫైళ్లు కూడా ఈ కొండ మీదే కదిలేవి. లైను ఊటీకి చేరాక కూడా ఇంజన్ల షెడ్డు, మరమ్మతుల పని కూనూరులోనే ఉండిపోయాయి. పళ్ల పట్టా అక్కడితో ఆగిపోతుంది కాబట్టి ఇంజను మారాల్సింది కూడా అక్కడే. ఊటీ విహార పట్టణం. రైల్వే ఊరు మాత్రం కూనూరే.

ఇక పళ్ల పట్టా సంగతి. మెట్టుపాళయం తర్వాత వచ్చే కల్లార్ స్టేషన్ దాటాక వాలు 12.5కి 1. వంద మీటర్లు ముందుకు పోతే ఎనిమిది మీటర్లు పైకెక్కాలి. ఆ వాలు మీద నున్నటి చక్రం నున్నటి పట్టా మీద జారిపోతుంది. అందుకే రెండు పట్టాల నడుమ రెండు పళ్ల కడ్డీలు పక్కపక్కనే వేశారు. ఒక కడ్డీ పన్ను రెండో కడ్డీ సందుకు ఎదురుగా వస్తుంది. ఇంజను కింది పళ్ల చక్రం ఎప్పుడూ ఏదో ఒక కడ్డీని పట్టుకునే ఉంటుంది, పట్టు వదిలే క్షణమే ఉండదు. ఇది ఆబ్ట్ పద్ధతి. దేశంలో పళ్ల పట్టా మీద నడిచే రైలు ఇదొక్కటే.

ఈ పని కోసం స్విట్జర్లాండ్‌లోని వింటర్‌థర్ కర్మాగారంలో చేయించినవే 'ఎక్స్' తరగతి ఇంజన్లు. వీటికి నాలుగు సిలిండర్లు. బాయిలర్ నుంచి వచ్చే ఆవిరి ముందు పట్టా చక్రాలను తిప్పే రెండు సిలిండర్లలో పనిచేస్తుంది. అక్కడ వాడిన ఆవిరినే మళ్లీ పళ్ల చక్రాలు తిప్పే రెండు సిలిండర్లకు పంపుతారు. ఒకప్పుడు బొగ్గుతో నడిచేవి, తర్వాత చాలావాటిని నూనె మంటకు మార్చారు. తిరుచ్చి గోల్డెన్ రాక్ వర్క్‌షాపులో ఇదే నమూనాతో కొత్త ఇంజన్లు కూడా తయారయ్యాయి.

ఇంజను ఎప్పుడూ పెట్టెలకు దిగువనే ఉంటుంది. ఎక్కేటప్పుడు వెనక నుంచి తోస్తుంది, దిగేటప్పుడు ముందుండి బరువును ఆపుతుంది. ఏ కొక్కెం తెగినా పెట్టెలు లోయలోకి పరుగెత్తకుండా ఈ ఏర్పాటు. దీనివల్ల ప్రయాణికుడికి మరో లాభం ఉంది. ఎక్కేటప్పుడు బండికి అన్నిటికన్నా ముందు ఇంజను కాదు, పెట్టె ఉంటుంది. ఎదురుగా దారంతా కనిపించేది అందులో కూర్చున్నవాళ్లకే. మొదటి తరగతి అక్కడే పెడతారు. ధర రెండో తరగతికి సుమారు రెట్టింపు. డబ్బు పెట్టగలిగితే పైకెళ్లేటప్పుడే పెట్టండి. కిందికి వచ్చేటప్పుడు ఆ ఎదుటి చూపు ఇంజను పాలవుతుంది కాబట్టి రెండో తరగతి చాలు.

కల్లార్ దగ్గర గమనించాల్సింది ఒకటుంది. పళ్ల కడ్డీ మొదలయ్యే చోట బండి దాదాపు ఆగినంత నెమ్మదిస్తుంది. కడ్డీ మొదటి ముక్కను స్ప్రింగుల మీద కూర్చోబెట్టారు. ఇంజను పన్ను సందులో సరిగ్గా పడకపోతే ఆ ముక్క కాస్త కిందికి అణిగి, పన్ను కుదురుకోగానే పైకి లేస్తుంది. కాళ్ల కింద చిన్న కుదుపు, ఆ తర్వాత టకటకమనే శబ్దం మారి గరగరలాడే పట్టు మొదలవుతుంది. అక్కడి నుంచి గంటకు 13 కిలోమీటర్లకు మించదు. ప్రతి పెట్టె చివరి వసారాలో ఒక బ్రేక్‌మ్యాన్ నిలబడి ఉంటాడు. ఇంజను కూత విని చేతి బ్రేకు బిగిస్తాడు, వదులుతాడు, పచ్చ జెండా చూపిస్తాడు. అలంకారానికి పెట్టిన మనిషి కాడు, బండి నడకలో ఒక భాగం.

ఉదయం 7.10కి మెట్టుపాళయంలో బయలుదేరిన బండి ఊటీ చేరేసరికి మధ్యాహ్నం పన్నెండు అవుతుంది. ఇంజను నీళ్లు పట్టుకోవడానికి దారిలో కొన్ని స్టేషన్లలో ఆగుతుంది. వాటిలో హిల్‌గ్రోవ్ ముఖ్యం. టీ, వడలు, మరుగుదొడ్డి అన్నీ అక్కడ చూసుకోవాలి, ఎందుకంటే పెట్టెల్లో మరుగుదొడ్లు లేవు. పిల్లలతో, పెద్దవాళ్లతో వెళ్లేవాళ్లు ఈ మాట మరిచిపోతే నరకమే. చేతిలో తినుబండారం పట్టుకుని దిగితే కోతులు లాక్కుపోతాయి. సీట్లు ఎదురెదురుగా, మోకాళ్లు తగిలేంత దగ్గరగా ఉంటాయి. పెద్ద సూట్‌కేసులకు చోటు లేదు. మనిషికో చిన్న సంచి మేలు.

నీలగిరి జిల్లాలో ఒకసారి వాడి పారేసే ప్లాస్టిక్‌తో పాటు చిన్న నీళ్ల సీసాలకూ నిషేధం ఉంది. స్టీలు సీసా, స్టీలు డబ్బా తీసుకెళ్లండి. పులిహోరో పెరుగన్నమో కట్టుకెళ్తే మధ్యాహ్నం దాకా దిగులుండదు.

బుకింగ్‌లో చిక్కు ఊరి పేరు దగ్గరే మొదలవుతుంది. ఊటీ అసలు పేరు ఉదగమండలం, స్టేషన్ కోడ్ యు.ఎ.ఎం. మెట్టుపాళయానికి ఎం.టి.పి., కూనూరుకు ఓ.ఎన్.ఆర్. బుకింగ్ 60 రోజుల ముందు తెరుస్తారు. వాలు వల్ల నాలుగైదు పెట్టెలకు మించి తోయలేరు కాబట్టి ఏప్రిల్, మే నెలలవీ, సెలవు దినాలవీ సీట్లు తెరిచిన రోజే అయిపోతాయి. వెయిటింగ్ టికెట్టు నమ్ముకోవద్దు. దొరక్కపోతే వరసగా మూడు దారులు. మొదటిది, కూనూరు దాకా మాత్రమే వెతకడం. రెండోది, బస్సులో పైకి వెళ్లి మధ్యాహ్నం 2 గంటలకు ఊటీలో బయలుదేరే బండిలో దిగడం. దానికి పోటీ కాస్త తక్కువ, మూడున్నర గంటల్లో మెట్టుపాళయం చేరుస్తుంది. పొగ, చప్పుడు తక్కువగా ఉంటాయి గానీ పళ్ల పట్టా అనుభవం అదే. మూడోది కూనూరు–ఊటీ షటిల్. ఇందులో ఆవిరి లేదు, పళ్ల కడ్డీ లేదు. కేత్తి లోయ, లవ్‌డేల్ యూకలిప్టస్ తోపులు మాత్రం చక్కగా కనిపిస్తాయి. ఆ దారిలో వాలు తక్కువ కాబట్టి మామూలు ఇంజనుతో సరిపోతుంది.

మన వైపు నుంచి వెళ్లేవాళ్లకు అన్నిటికన్నా నమ్మకమైనది చెన్నై సెంట్రల్ నుంచి రాత్రి బయలుదేరే నీలగిరి ఎక్స్‌ప్రెస్. తెల్లవారి మెట్టుపాళయంలో కొండ బండికి ముందే దింపుతుంది. విజయవాడ నుంచి పినాకినిలో, తిరుపతి నుంచి సప్తగిరిలో చెన్నై చేరి దీన్ని అందుకోవచ్చు. సికింద్రాబాద్ నుంచి శబరిలో వస్తే కోయంబత్తూరులో దిగేసరికి కొండ బండి వెళ్లిపోయి ఉంటుంది. ఆ రోజు బస్సులో పైకి పోవడమో, మెట్టుపాళయంలో ఒక రాత్రి ఉండటమో తేల్చుకోవాలి. మెట్టుపాళయం వక్కల, బంగాళాదుంపల మండీ ఊరు. లాడ్జీలు చవక, ఉక్కపోత ఎక్కువ. ఒక రాత్రికి సరిపోతాయి, అంతకు మించి ఆశించకండి.

బసకు మా ఓటు కూనూరుకే. కింది కూనూరులో స్టేషన్, బస్టాండు, సంత అన్నీ నాలుగడుగుల్లో ఉంటాయి. గదులు చవక, తెల్లవారకముందే బస్సుల హారన్లు. పై కూనూరు ప్రశాంతం. 1874 నాటి సిమ్స్ పార్కు, 1907లో మొదలైన పాశ్చర్ ఇన్‌స్టిట్యూట్ అటువైపే. కానీ ప్రతిసారీ ఆటో కావాలి. తేయాకు తోటల్లోని హోమ్‌స్టేలు ఫొటోల్లో బాగుంటాయి. స్టేషన్ నుంచి ఎన్ని కిలోమీటర్లో, చివరి కిలోమీటరు కారు పోతుందో లేదో అడగకుండా డబ్బు కట్టొద్దు. వేడినీళ్లు ఏ వేళల్లో వస్తాయి, రూమ్ హీటర్‌కు వేరే ఛార్జీ ఉందా అన్నవీ అప్పుడే అడగాలి. వేసవిలో ఊటీ గదుల ధరలు రెట్టింపు దాటుతాయి. అక్కడే ఉండాలనుకుంటే తమిళనాడు టూరిజం వారి హోటల్, వై.డబ్ల్యు.సి.ఎ. ఆనందగిరి మధ్యతరగతి జేబుకు సరిపడేవి.

ఉదయం పదిన్నర ప్రాంతంలో కూనూరు ప్లాట్‌ఫారం మీద ఉంటే టికెట్టు లేనివాళ్లకూ సగం వేడుక దక్కుతుంది. పైకొచ్చిన ఆవిరి ఇంజను విడిపోవడం, డీజిల్ తగలడం, బండి కొంచెం దూరం వెనక్కి నడిచి ఆ తర్వాత ఊటీ దారి పట్టడం అన్నీ చూడొచ్చు. ప్లాట్‌ఫారం టికెట్టు తీసుకోండి. షెడ్డులోకి మాత్రం అనుమతి లేకుండా అడుగు పెట్టొద్దు.

కాలం విషయానికొస్తే జనవరి నుంచి మార్చి దాకా మంచిది. అక్టోబరు–డిసెంబరు నెలల్లో ఈశాన్య రుతుపవనాల వానకు కొండ కోసిన గట్లు నాని, మట్టి, రాళ్లు, చెట్లు లైను మీద పడతాయి. పడినవి తీసేస్తే సరిపోదు, పళ్ల కడ్డీ వరస తప్పిందేమో చూడాలి. అందుకే మామూలు లైనుకన్నా ఎక్కువ రోజులు బండి ఆగుతుంది. ఆ నెలల్లో వెళ్తే తిరుగు రైలుకు ఒక రోజు వ్యవధి ఉంచుకోండి. బండి పూర్తిగా రద్దయితే ఆన్‌లైన్ టికెట్టు డబ్బు దానంతటదే వెనక్కి వస్తుంది. కూనూరులోనే ఆపేసి మిగతా దూరం రద్దు చేస్తే అలా కాదు, టి.డి.ఆర్. (డబ్బు వాపసు కోరే దరఖాస్తు) మీరే గడువులోగా పెట్టాలి. అక్కడ దిగినవాళ్లకు ఊటీ బస్సులు స్టేషన్ పక్కనున్న బస్టాండులోనే దొరుకుతాయి.