బి.బి. కింగ్ ఊరికి: మెంఫిస్ నుంచి ఇండియనోలా దాకా

అమెరికాలోని మెంఫిస్‌లో ఉద్యోగం చేస్తున్న మా అబ్బాయి దగ్గరికి అక్టోబరులో వెళ్లినప్పుడు, ఆ ఊరికి వచ్చిన ప్రతివారూ చూసే ఎల్విస్ ప్రెస్లీ ఇంటికి మమ్మల్ని తీసుకువెళతానని వాడు అన్నాడు. నాకు మాత్రం, అమెరికా నల్లజాతివారి బ్లూస్ సంగీతంలో పేరుపొందిన గాయకుడు, గిటారు వాద్యకారుడు బి.బి. కింగ్ ఊరు చూడాలని ఉందని చెప్పాను. గుంటూరులో చిన్నతనంలో ఏడేళ్లు వీణ నేర్చుకున్నాను. కాలేజీ రోజుల్లో ఒక స్నేహితుడి ఇంట్లో టేపురికార్డరు మీద మొదటిసారి కింగ్ గిటారు విన్నప్పుడు, తీగను పక్కకు లాగి పై స్వరాన్ని పలికించే ఆ పద్ధతి నాకు ముందే తెలిసినదిలా వినిపించింది. మేము గురువుగారి ఎదుట కూర్చుని గమకమని నేర్చుకున్న పనిని, మన సంగీతంతో ఏ సంబంధమూ లేని ఒక పత్తిచేల కూలీ కుర్రవాడు ఎలా పట్టుకున్నాడన్న ప్రశ్న అప్పటినుంచీ నా మనసులో ఉంది. దానికి తోడు మా నాన్నగారు జిన్నింగు మిల్లులో గుమాస్తాగా పనిచేసినవారు; బి.బి. కింగ్ మ్యూజియాన్ని, కింగ్ కూడా ఒకప్పుడు పనిచేసిన జిన్నింగు మిల్లునే కలుపుకొని కట్టారని చదివిన తరువాత వెళ్లకుండా ఉండలేకపోయాను.

మెంఫిస్‌లో ఒక రోజు, దక్షిణాన మిసిసిపి రాష్ట్రంలో రెండు రోజులు గడిపాము. చాలామంది మెంఫిస్‌లోని బీల్ వీధి చూసి, మహా అయితే ఒక పూట క్లార్క్స్‌డేల్ వెళ్లి తిరిగి వచ్చేస్తారు. ఎలక్ట్రిక్ గిటారు మీద ఆయన ఏం చేశారో తెలుసుకోవాలనుకునేవారికి మాత్రం ఆయన ఊరైన ఇండియనోలాలో ఒక రాత్రి తప్పనిసరి అని నా అభిప్రాయం.

బీల్ వీధి ఇప్పుడు ప్రధానంగా పర్యాటకుల వీధి. సాయంత్రం ఆరు దాటితే వాహనాలను ఆపేసిన ఆ వీధిలో ప్రతి గుమ్మం నుంచీ ఒక వాద్యబృందం వినిపిస్తుంది, ఒకదాని ధ్వని మరొకదానిలో కలిసిపోతుంది. మేము ఒక క్లబ్బులో ప్రవేశ రుసుము కట్టి కూర్చున్నాము. వాయించిన యువకుడు సమర్థుడే కానీ, స్పీకర్ల హోరులో మా ఆవిడ చెవులు మూసుకోవలసివచ్చింది, బిల్లులో మేము అడగని పదార్థం ఒకటి చేరింది. చెబితే తీసేశారు. బిల్లును ఒకసారి చూసుకుని కట్టడం మంచిది.

ఆ వీధిని పగటిపూట నెమ్మదిగా నడిచి చూడాలి. ఇక్కడ ఒకప్పుడు ఉన్న ప్యాలెస్ థియేటరులో ఔత్సాహికుల పోటీలను రూఫస్ థామస్ అనే గాయకుడు నిర్వహించేవారు, పాడినవారికి ఒక డాలరు ఇచ్చేవారు. ఆ డాలరు కోసం పాడినవారిలో బి.బి. కింగ్ ఒకరు. అసలు పేరు రైలీ కింగ్. 1948లో మిసిసిపి నది అవతల వెస్ట్ మెంఫిస్‌లో బ్లూస్ కళాకారుడు సన్నీ బాయ్ విలియమ్సన్ నడిపే రేడియో కార్యక్రమంలో పాడే అవకాశం అడిగి సంపాదించారు. తరువాత డబ్ల్యుడిఐఏ రేడియో కేంద్రంలో పెప్టికాన్ అనే టానిక్కు ప్రకటన పాట పాడుతూ, రికార్డులు వేస్తూ శ్రోతలకు దగ్గరయ్యారు. అమెరికాలో కార్యక్రమాలన్నిటినీ నల్లజాతి శ్రోతల కోసమే రూపొందించిన తొలి కేంద్రం అదే. అక్కడ ఆయనను 'బీల్ స్ట్రీట్ బ్లూస్ బాయ్' అని పిలిచారు, అది 'బ్లూస్ బాయ్' అయింది, చివరికి బి.బి. అని రెండు అక్షరాలు మిగిలాయి.

యూనియన్ అవెన్యూలో 706 నంబరు భవనమైన సన్ స్టూడియోను కూడా చూశాము. ఎల్విస్ అక్కడ అడుగుపెట్టకముందే బి.బి. కింగ్ అదే గదిలో రికార్డు చేశారు. గది చిన్నది, సందర్శన గంటలోపే పూర్తవుతుంది, అయినా ఆ రుసుముకు తగిన విలువ ఉంది. లొరేన్ మోటెల్‌లోని పౌరహక్కుల మ్యూజియానికి మాత్రం సగం రోజు కేటాయించండి. మార్టిన్ లూథర్ కింగ్ హత్య జరిగిన ఆ చోటును చూసిన తరువాత దక్షిణానికి ప్రయాణమైతే, దారిలో కనిపించే ప్రతి ఊరి పేరుకూ ఒక అర్థం ఏర్పడుతుంది.

మరునాడు ఉదయం 61వ నంబరు రహదారి పట్టాము. డెల్టా అనగానే మనకు కృష్ణా, గోదావరి సముద్రంలో కలిసే చోట్లు గుర్తుకు వస్తాయి. మిసిసిపి డెల్టా అలాంటిది కాదు, సముద్రం అక్కడికి చాలా దూరం. మిసిసిపి, యాజూ నదుల మధ్య వరదలు వేసిన ఒండ్రు మైదానం అది. గుట్ట అన్నది కనిపించదు. రోడ్డుకు రెండు వైపులా దిగంతం దాకా పత్తి, సోయా చేలు, పత్తి తీత పూర్తయిన చేల అంచున రంగు ప్లాస్టిక్ చుట్టిన పెద్ద గుండ్రటి కట్టలు, రోడ్డు పక్క గడ్డిమీద ఎగిరిపడిన దూది. ఏరే మనిషి ఒక్కడూ లేడు. క్లార్క్స్‌డేల్ దగ్గరి హాప్సన్ పత్తి తోటలో 1944లోనే, విత్తడం మొదలు బేలు కట్టే దాకా మొత్తం యంత్రాలతోనే ఒక పంట తీశారు. ఆ యంత్రాలతో పని పోయినవారిలో ఎందరో షికాగో వంటి ఉత్తరాది నగరాలకు తరలిపోయారు, బ్లూస్ కూడా వారి వెంటే వెళ్లి కరెంటు గిటారును చేతబట్టింది.

క్లార్క్స్‌డేల్ మెంఫిస్‌కు సుమారు 120 కిలోమీటర్లు. పాత రైల్వే గూడ్సు డిపోలో ఉన్న డెల్టా బ్లూస్ మ్యూజియంలో, బ్లూస్ గాయకుడు మడ్డీ వాటర్స్ నివసించిన చెక్క ఇంటి భాగాన్ని తెచ్చి నిలబెట్టారు. దుంగల మధ్య సందులు చూస్తే చలికాలం ఎలా గడిచేదో తెలుస్తుంది. ఆ ఒక్క వస్తువు కోసమైనా మ్యూజియం చూడదగినది. ఈ ప్రాంతంలో, పంటలో వాటాకు సేద్యం చేసిన కుటుంబాల పాత గుడిసెలకు ఏసీలు బిగించి బసలుగా అద్దెకిస్తున్న చోటు కూడా ఉంది, యాత్రికులు ఇష్టపడి దిగుతారు. మా అబ్బాయి అక్కడే గది తీసుకుందామన్నాడు. అప్పుల్లో పుట్టి అప్పుల్లోనే పోయిన మనుషుల గుడిసెలో సరదా కోసం పడుకోవడానికి నాకు మనసు ఒప్పలేదు. వేరొకరికి వేరే అభిప్రాయం ఉండవచ్చు.

అక్కడి నుంచి టట్‌వైలర్ మీదుగా 49 పడమర రహదారిలో ఇండియనోలాకు సుమారు వంద కిలోమీటర్లు. దారిలో పార్చ్‌మన్ జైలు వస్తుంది. బి.బి. కింగ్ బంధువు, తాను కూడా గొప్ప గాయకుడైన బుక్కా వైట్ 1930లలో అక్కడ ఖైదీగా ఉన్నారు. ఆ ముందు భాగంలో కారు ఆపవద్దు, ఫొటోలు తీయవద్దు. ఇంకొంచెం ముందుకు వెళితే రూల్‌విల్‌లో ఓటుహక్కు కోసం దెబ్బలు తిన్న ఫానీ లూ హేమర్ సమాధి ఉంది. పదిహేను నిమిషాలు ఆగి నమస్కరించి కదిలాము.

ఇండియనోలాలో హైవే పక్కన ఒక చెయిన్ మోటెల్‌లో గది తీసుకున్నాము. పొగతాగని గది అని రాసి బుక్ చేసినా సిగరెట్ వాసన కొడుతున్న గది ఇచ్చారు. మార్చడానికి గంటకు పైగా పట్టింది, మార్చిన గది శుభ్రంగానే ఉంది. సౌకర్యం ముఖ్యమనుకునేవారు 45 కిలోమీటర్ల దూరంలోని గ్రీన్‌వుడ్‌లో దిగడం మేలు. అక్కడ మంచి హోటళ్లు ఉన్నాయి, ధర కూడా ఆ స్థాయిలోనే ఉంటుంది. శాకాహారులకు ఈ ప్రాంతంలో భోజనం కష్టం. క్యాట్‌ఫిష్ వేపుడు, మొక్కజొన్న పిండిలో మాంసం కూరి ఉడికించే తమాలెలు ఇక్కడి ప్రత్యేకతలు. ఆకుకూరలనూ చిక్కుడు గింజలనూ కూడా పంది మాంసం ముక్క వేసి ఉడికిస్తారు కనుక అడగకుండా తీసుకోవద్దు. మాకు బెండకాయ వేపుడు, మొక్కజొన్న రొట్టె, చిలగడదుంప దొరికాయి, మెంఫిస్ నుంచి తెచ్చుకున్న పులిహోర ఒక పూట గడిపింది.

మ్యూజియం 2008 సెప్టెంబరులో తెరిచారు. కొత్త భవనాన్ని ఆనుకుని ఎర్ర ఇటుకల జిన్నింగు మిల్లు నిలబడి ఉంది. లోపలికి వెళ్లగానే ఇటుక గోడమీద చేయి పెట్టాను. మా నాన్నగారి మిల్లులో దూది ధూళి కళ్లలో, ముక్కులో, అన్నంలో పడేది, సాయంత్రానికి కనుబొమలు తెల్లబడేవి. ఇక్కడ ఆ ధూళి లేదు, గోడలు కడిగి ఉన్నాయి. అయినా పై దూలాలు, ఎత్తైన కప్పు చూస్తే ఆ గది దేనికోసం కట్టినదో ఎవరూ చెప్పనక్కరలేదు.

రైలీ కింగ్ 1925 సెప్టెంబరు 16న బెర్‌క్లెయిర్ అనే చిన్న పల్లెలో పుట్టారు, పదేళ్లు నిండకముందే తల్లిని పోగొట్టుకున్నారు. 1943లో ఇండియనోలా వచ్చి ఒక పత్తి తోటలో ట్రాక్టరు డ్రైవరుగా చేరారు. 1946లో ఒకనాటి సాయంత్రం, ఆపిన ట్రాక్టరు ఇంజిను ఉన్నట్టుండి కుదుపుతో ముందుకు కదిలి, దాని పొగగొట్టం విరిగిపోయింది. యజమానికి భయపడి, జేబులో రెండున్నర డాలర్లు, చేతిలో గిటారుతో మెంఫిస్‌కు బయలుదేరారు. అక్కడ బుక్కా వైట్ ఇంట్లో పది నెలలు ఉండి, తిరిగివచ్చి ఆ నష్టం తీర్చి, 1948లో మళ్లీ వెళ్లారు.

గమకం ఆయనకు ఎలా పట్టుబడిందన్న నా ప్రశ్నకు జవాబు ఆ పది నెలల్లో ఉంది. బుక్కా వైట్ వేలికి గొట్టం తొడిగి తీగమీద జార్చి వాయించేవారు. స్వరం మెట్టు మెట్టుగా కాక, మనం జారు అన్నట్టుగా, పాకుతూ వెళ్లేది. ఆ గొట్టం విద్య రైలీకి పట్టుబడలేదు. ఆ ధ్వని మాత్రం కావాలి కనుక, ఉత్త వేలితోనే తీగను పక్కకు నెట్టి స్వరాన్ని పైకి లాగడం, అక్కడ నిలిపి వేలిని అదరగొట్టడం సాధన చేశారు. మ్యూజియంలోని ఒక వీడియోలో ఆయన ఎడమచేయి దగ్గరగా కనిపిస్తుంది. చూపుడువేలు తీగమీద స్థిరంగా ఉంటుంది, బొటనవేలు మెడను వదిలేస్తుంది, మిగతా చేయంతా పిట్ట రెక్కలా కొట్టుకుంటుంది. నేను ఆ వీడియోను ఆరుసార్లు చూశాను. వీణమీద మేము కంపితం అనే గమకానికి తీగను అడ్డంగా లాగి వదులుతాము, ఆయన మణికట్టు మొత్తాన్ని తిప్పుతారు. దారి వేరు. స్వరం గొంతులా పలకాలన్న కోరిక ఒకటే.

పాడుతున్నప్పుడు ఆయన గిటారు వాయించరు. ఒక పంక్తి పాడి ఆపుతారు, గిటారు అందుకుంటుంది. ఆ గిటారు పేరు లూసిల్. 1949 చలికాలంలో ఆర్కాన్సాలోని ట్విస్ట్ అనే ఊళ్లో, వెచ్చదనానికి కిరోసిన్ పీపా వెలిగించిన నాట్యశాలలో ఇద్దరు కొట్టుకుని ఆ పీపాను దొర్లించారు. బయటపడిన బి.బి. కింగ్ ముప్ఫై డాలర్ల గిటారు కోసం మండుతున్న ఇంట్లోకి తిరిగి వెళ్లారు. గొడవకు కారణమైన స్త్రీ పేరు లూసిల్ అని తరువాత తెలిసింది. అలాంటి పని మళ్లీ చేయకూడదని గుర్తుండేందుకు తన గిటార్లన్నిటికీ ఆ పేరే పెట్టుకున్నారు. అద్దాల వెనుక ఉన్న గిబ్సన్ గిటారును దగ్గరగా చూస్తే పైపలకమీద సాధారణంగా ఉండే ఎఫ్ ఆకారపు రంధ్రాలు ఉండవు. స్పీకరు ధ్వని ఆ రంధ్రాల్లో దూరి ఈల వేయకుండా మొదట్లో ఆయన గుడ్డలు కుక్కేవారు. 1980 ప్రాంతంలో గిబ్సన్ సంస్థ ఆయన పేరుతో రంధ్రాలు లేని గిటారునే తయారుచేసింది.

ఆయన తిరిగిన బస్సును కూడా ఇక్కడ ఉంచారు. 1952లో తొలిసారి ఆయన పాట ఒకటి, నల్లజాతి సంగీతపు రికార్డుల ఆదరణను చూపే ఆర్ అండ్ బి పట్టికలో మొదటి స్థానానికి చేరిన నాటినుంచి రోడ్డే ఆయన ఇల్లయింది. 1956 ఒక్క ఏడాదిలో 342 కచేరీలు చేశారు. ఆ బస్సు పక్కన నిలబడి రోజులు లెక్కవేశాను, ఇంటి దగ్గర గడపడానికి నెలకు రెండు రోజులకు మించి మిగలవు. రెండు పెళ్లిళ్లూ నిలవలేదంటే ఆశ్చర్యమేముంది? నల్లజాతి శ్రోతల మధ్యనే పదిహేనేళ్లకు పైగా వాయించిన తరువాత, 1960ల చివర శాన్ ఫ్రాన్సిస్కోలోని ఫిల్‌మోర్ వేదికమీద తెల్లజాతి యువకులు లేచి నిలబడి చప్పట్లు కొడితే ఆయన కన్నీళ్లు పెట్టుకున్నారు. పదిహేను గ్రామీ సంగీత పురస్కారాలు, 2006లో అధ్యక్షుడి స్వాతంత్ర్య పతకం, ఇవన్నీ ఒక గదిలో వరుసగా ఉన్నాయి. ఆ గదిలో మేము ఎక్కువసేపు ఆగలేదు. రెండు గంటలు చాలని పుస్తకాల్లో రాస్తారు కానీ, వినదలచుకున్నవారు నాలుగు గంటలు పెట్టుకోవాలి. సిబ్బంది ఓపికగా మాట్లాడారు. వీణ గురించి చెబితే ఒక పెద్దావిడ ఫోనులో వినిపించమని అడిగి, మధ్యలో కదలకుండా నిలబడి విన్నారు.

2015 మే 14న లాస్ వేగస్‌లో 89 ఏళ్ల వయసులో మరణించిన ఆయనను ఈ మ్యూజియం ఆవరణలోనే సమాధి చేశారు. అక్కడినుంచి సెకండ్ వీధి వెంట నడుచుకుంటూ వెళితే చర్చ్ వీధి కలిసే మూల వస్తుంది. యువకుడిగా ఉన్నప్పుడు కింగ్ శనివారాలు ఆ మూల నిలబడి పాడేవారు. భక్తి పాట పాడితే జనం తల నిమిరి మెచ్చుకునేవారట, బ్లూస్ పాడితే చిల్లర వేసేవారట. అక్కడ సిమెంటులో ఆయన చేతిముద్రలు, కాలిముద్రలు ఉన్నాయి. మా ఆవిడ వంగి ఎడమచేతి ముద్రలో తన చేయి పెట్టింది. వేళ్లు చివరిదాకా చేరలేదు.

ఆ రాత్రి ఇండియనోలాలోని పాత బ్లూస్ క్లబ్బు అయిన క్లబ్ ఎబోనీలో కార్యక్రమం లేదు, బయటినుంచే చూశాము. కచేరీ ఉన్న రోజుకు ప్రయాణం సరిచూసుకుంటే బాగుండేది. మరునాడు 82వ నంబరు రహదారిలో తూర్పుగా అరగంట వెళ్లి బెర్‌క్లెయిర్ చేరాము. ఆయన పుట్టిన ఇల్లు ఇప్పుడు లేదు, బ్లూస్ చరిత్రకు సంబంధించిన చోట్లను గుర్తించే బ్లూస్ ట్రైల్ వారి నీలం పలక ఒకటి రోడ్డు పక్కన ఉంది. దుకాణం, మూత్రశాల వంటివి ఏమీ ఉండవు కనుక అన్నీ ముందే చూసుకుని వెళ్లాలి. చేను అంచున రాలిన దూదిని తీసి, నాన్నగారు చేసినట్టే రెండు చేతుల బొటనవేళ్ల మధ్య లాగి పింజ చూశాను. పొడవైన పింజ, మంచి సరుకు.